తెల్లని ఛాయ పెళ్లికూతురికి ముఖమంతా ఫౌండేషన్ వేయాలా, కన్సీలర్ చాలా?

పెన్నా ఒడ్డు, నెల్లూరు
పెళ్లి మేకప్ అంటే ముఖమంతా ఫౌండేషన్ (చర్మం రంగులో ఉండే క్రీమ్) పూయాల్సిందే అన్నట్టు అయిపోయింది. తెల్లని ఛాయ ఉన్న అమ్మాయికి అది అక్కర్లేదని నా వాదన. అట్టాంటి చర్మంలో దాచాల్సినవి మహా అయితే మూడు: ముక్కు పక్కల, బుగ్గల మీద ఎరుపు, కళ్ల కింద నీలి నీడ, ఒకటో రెండో మొటిమ మచ్చలు. ఎరుపు మీద ఆకుపచ్చ కరెక్టర్ (మచ్చ రంగును తగ్గించే క్రీమ్) ఆవగింజంత, కళ్ల కింద లేత పీచ్ రంగుది. దాని మీద చర్మంలో కలిసిపోయే కన్సీలర్ (మచ్చల్ని కప్పే చిక్కటి క్రీమ్) వేలికొసతో అద్దాలి, రుద్దితే కింది కరెక్టర్ లేచిపోతుంది. చామనఛాయకు వాడే నారింజ కరెక్టర్ ఇక్కడ వాడొద్దు. తెల్లని చర్మం మీద అది కన్సీలర్‌ని దాటుకుని పైకి తేలి, తుప్పు మరకలా కనబడుతుంది. ఇంతటితో ఆపితే అసలు చర్మమే కనబడుతుంది. కాదనేవాళ్లు కారణంతో చెప్పండి.

ఫోటో పందిరి, ఒంగోలు
నేను కాదంటాను. పీటల మీద కూర్చున్న అమ్మాయికి ఎదురుగా, నాలుగైదు అడుగుల దూరంలోనే ఎల్‌ఈడీ లైట్లు ఉంటాయి. వెలుగు సూటిగా పడితే ముఖంలో నీడలు పోయి చదునైపోతుంది. మధుపర్కం తెల్లచీర కింది నుంచి గడ్డం మీదకి మళ్లీ వెలుగు కొడుతుంది. తెల్లని ముఖమైతే ముక్కు ఎక్కడ, బుగ్గ ఎక్కడ అన్నది తెలియదు. పలుచగానే వేయండి, కానీ చర్మం కన్నా అర షేడు ముదురు ఫౌండేషన్ ఉండాలి. అప్పుడే ఆల్బమ్‌లో ముఖం నిలబడుతుంది.

కావలి అలంకారం
అన్నా, ముఖం చదునవుతుందన్నది నిజం. మందు మాత్రం అర షేడు ముదురు కాదు. ముఖం ముదురైతే మెడ తెల్లగా మిగులుతుంది. సరే అని మెడకీ పూస్తే, మంగళసూత్రం కట్టేటప్పుడు పసుపుతాడు రాసుకుని ఆ రంగంతా మధుపర్కం అంచుకు అంటుతుంది. తెల్లచీర మీద ఆ మరక ప్రతి ఫోటోలో కనబడుతుంది.

పోయిన నీడల్ని బ్లష్‌తో, కనుబొమలతో తెచ్చుకోవాలి. తెల్లని చర్మం మీద పౌడర్ బ్లష్ బ్రష్‌తో ఒక్కసారి రాస్తేనే ఎక్కువైపోతుంది, కాబట్టి క్రీమ్ బ్లష్ శనగగింజలో సగం తీసుకుని రెండు బుగ్గలకీ పంచండి. అద్దంలో కాస్త ఎక్కువైందేమో అనిపించే దగ్గర ఆపితే లైట్ల కింద సరిపోతుంది. కనుబొమలకు నల్ల పెన్సిల్ వద్దు, ముదురు గోధుమ రంగుతో వెంట్రుక వెంట్రుకగా గీయండి. పెదవులకు వాటి సొంత రంగు కన్నా ఒక మెట్టు ముదురు గులాబీ.

ఇక షేడు సంగతి. దవడ అంచున మూడు షేడ్లు పక్కపక్కన గీసి, ఇరవై నిమిషాలు ఆగి, కిటికీ వెలుగులో చూడాలి. కొన్ని ఫౌండేషన్లు గాలి తగిలాక, చర్మం జిడ్డుతో కలిశాక ముదురుతాయి. పార్లర్ ట్యూబులైటు కింద వెంటనే చూసి కొన్న షేడు పీటల మీదికి వచ్చేసరికి నారింజ రంగుకు తిరిగేది అందుకే.

పెద్దింటి ఆడపడుచు, కందుకూరు
కావలి అక్కా, నలుగు సంగతి మరిచిపోయావు. ముందురోజు పసుపు పెట్టాక జుట్టు మొదట్లో, దవడ కింద పచ్చదనం మిగిలిపోతుంది. తెల్లని ఛాయ మీద అది కొట్టొచ్చినట్టు కనబడుతుంది. అప్పుడు షేడు చూస్తే తప్పు షేడే వస్తుంది. పసుపులో రంగు నూనెకు కరుగుతుంది, నీళ్లకు లొంగదు. దూదితో కొబ్బరినూనె అద్ది రెండు నిమిషాలు ఉంచి తుడిచి, ఆ తర్వాతే ఫేస్‌వాష్. సబ్బు వద్దు. సున్నం తగిలిన పసుపులాగే, సబ్బులోని క్షారానికి ముఖం మీది పసుపూ ఎర్రబడుతుంది. చర్మం కందిందేమో అని ఇంకా రుద్దుతారు, అప్పుడు నిజంగానే కందుతుంది.

పెన్నా ఒడ్డు, నెల్లూరు
కందుకూరు చెల్లి చెప్పింది బంగారం లాంటి మాట. ఫోటో అన్నకు ఒక ప్రశ్న: ఆల్బమ్‌లో ముఖం సున్నం కొట్టినట్టు వస్తే తప్పు చర్మానిదా, పౌడర్‌దా?

ఫోటో పందిరి, ఒంగోలు
చాలాసార్లు పౌడర్‌దే, ఒప్పుకుంటాను. సిలికా ఉన్న తెల్ల పౌడర్, జింక్ ఆక్సైడో టైటానియం డయాక్సైడో ఉన్న సన్‌స్క్రీన్ ఫ్లాష్ వెలుగును తిప్పికొడతాయి. అద్దంలో ఏమీ తెలియదు, ఫోటోలో కళ్ల కింద తెల్లని అర్ధచంద్రాలు వస్తాయి. ట్రయల్ రోజు గది చీకటి చేసి నాలుగడుగుల దూరం నుంచి ఫోన్ ఫ్లాష్‌తో ఒక ఫోటో తీయండి, బయటపడుతుంది. ‘తెల్లగా ఉంది, ఇంకాస్త తెల్లగా వేయండి’ అని పెద్దవాళ్లు అడిగితే ఆ ఫోటోనే చూపించండి. అయినా ఫౌండేషన్ వద్దన్న మాటకు నేను ఒప్పుకోను. జీలకర్ర బెల్లం పెట్టాక నుదుటి మీదికి కారేది తుడిస్తే, అక్కడక్కడా వేసిన కన్సీలర్ మరకలు మరకలుగా పోతుంది. అంతటా పలుచని పొర ఉంటే తేడా తెలియదు.

కావలి అలంకారం
తుడిస్తే ఏదైనా పోతుంది అన్నా. టిష్యూ మడిచి ఒత్తాలి. జీలకర్ర బెల్లం తమలపాకులో గట్టి ముద్దగా పెడితే అసలు కారదు. బాసికం దారం రాసుకునే కణతల దగ్గర పొర ఎంత మందంగా ఉంటే అంత గీత పడుతుంది, అక్కడ ఏమీ లేకపోవడమే మేలు.

ఒక్కచోట నీ మాటకు వస్తాను. రోహిణి కార్తె ఎండల్లో, ఏసీ లేని మండపంలో, బుగ్గల మీద ఎరుపు ఎక్కువున్న అమ్మాయికి పలుచని పొర కావాలి. సీసా పంపు ఒకసారి నొక్కితే వచ్చేదాంట్లో సగం, తడిపి పిండిన స్పాంజితో, ముఖం మధ్య నుంచి బయటికి, దవడ చేరేసరికి ఏమీ మిగలకుండా. షేడు మెడతో సమానం. సిలికాన్ ప్రైమర్ (ఫౌండేషన్ కింద ముందుగా రాసేది) మీద నీటి ఫౌండేషన్ పడితే విరిగిన పాలలా విడిపోతుంది, రెండూ ఒకే రకం ఉండాలి. పౌడర్ ముక్కు పక్కల, నుదుటి మధ్య మాత్రమే. చెమట పట్టాక మళ్లీ పౌడర్ కొడితే అది పిండిలా తడిసి గడ్డకడుతుంది, ముందు చెమట అద్దాలి.

ఫోటో పందిరి, ఒంగోలు
మెడతో సమానం అన్నదానికి సరే. రాత్రి ముహూర్తాలకు మాత్రం అర షేడు మాట నేను వదలను. ట్రయల్‌లో ఒక చెంపకు నీ పద్ధతి, ఇంకో చెంపకు నా పద్ధతి వేసి, మండపం లైటు కిందే ఫోటో తీసి పెట్టు అక్కా, చూద్దాం.