కోహ్ కేర్, బెంగ్ మెలియా ఒక్క రోజులో: ప్రైవేట్ కారు సరే, గైడ్ కావాలా?

తుంగభద్ర_తీరం
జనవరిలో కంబోడియా వెళ్తున్నాం, అమ్మానాన్నలతో కలిపి నలుగురం. అమ్మకి మోకాళ్ల నొప్పి. అంగ్‌కోర్ గుళ్లకి మూడు రోజులు పెట్టుకున్నాం. నాలుగో రోజు సియెమ్ రీప్ నుంచి ప్రైవేట్ కారులో దూరపు గుళ్లకి వెళ్దామని ఆలోచన. ఒక ఏజెంటు బెంగ్ మెలియా, కోహ్ కేర్, ప్రేహ్ విహార్ మూడూ ఒకే రోజులో చూపిస్తానంటున్నాడు, గైడ్‌కి మాత్రం వేరేగా కట్టాలట. మూడూ కుదురుతాయా? గైడ్ అవసరమా? తెలిసినవాళ్లు చెప్పండి.

స్టీరింగ్_శ్రీను
మూడూ కుదరవండి. లెక్క చూడండి. సియెమ్ రీప్ నుంచి కోహ్ కేర్ సుమారు 120 కి.మీ., రెండుంబావు నుంచి రెండున్నర గంటలు. పొద్దున ఐదింటికి బయల్దేరితే ఏడున్నరకి గేటు తీసేసరికి అక్కడుంటారు. ఎంత తొందరగా చూసినా పది అవుతుంది. అక్కడి నుంచి ప్రేహ్ విహార్ కొండ కిందికి చేరేసరికి పన్నెండు. మీ కారు కొండెక్కనివ్వరు, వాళ్ల పికప్పో మోటార్‌సైకిలో మాట్లాడుకోవాలి. పైన ఐదు గోపురాలు దాటుకుంటూ దాదాపు 800 మీటర్లు ఎగువకి నడక. దిగేసరికి మూడు. తిరుగు ప్రయాణం మూడున్నర, నాలుగు గంటలు. బెంగ్ మెలియా సాయంత్రం ఐదున్నరకే మూసేస్తారు. మరి ఎప్పుడు చూస్తారు?

పైగా ప్రేహ్ విహార్ థాయ్ సరిహద్దు మీదే ఉంది. 2025 జులైలో ఆ చుట్టుపక్కలే కాల్పులు జరిగాయి. ఇప్పటి పరిస్థితి కనుక్కోకుండా, పెద్దవాళ్లని పెట్టుకుని అటు వెళ్లొద్దు.

కృష్ణాతరంగం
ప్రేహ్ విహార్ వదిలేయండి, ఒప్పుకుంటాను. గైడ్ మాత్రం శుద్ధ దండగ. ఇంగ్లిష్ గైడ్‌కి రోజుకి 40 డాలర్లకి తక్కువ ఉండదు, దూరం వెళ్తే ఇంకో పదో పదిహేనో అడుగుతారు. అక్కడ ఉన్నదేంటి? శివలింగాలు, రామాయణం, భారతం, క్షీరసాగర మథనం. ఇవన్నీ మనకి ఉగ్గుపాలతో వచ్చినవి. వాలి ఎవరో, సుగ్రీవుడు ఎవరో డబ్బిచ్చి ఇంకొకరితో చెప్పించుకోవాలా? ఆ డబ్బు సెడాన్ బదులు ఏడు సీట్ల బండికి పెట్టండి, అమ్మగారు కాళ్లు చాపుకుని కూర్చుంటారు.

ఇసుకరాయి
తుంగభద్ర గారూ, ముందు టికెట్ల సంగతి, ఇది చాలామందికి తెలీదు. 2020 నుంచి బెంగ్ మెలియా అంగ్‌కోర్ పాస్‌లో కలిసింది. అంటే ఆ గుడికి వెళ్లిన రోజు కూడా మీ పాస్‌లో ఒక రోజు తగ్గుతుంది. మూడు రోజుల పాస్ 62 డాలర్లు, ఏడు రోజులది 72. మీది నాలుగు రోజుల కార్యక్రమం కాబట్టి 72ది తీసుకోండి. వరసగా వాడక్కర్లేదు, నెల లోపు ఏ ఏడు రోజులైనా సరే. కోహ్ కేర్‌కి వేరే టికెట్, 15 డాలర్లు. చిరిగిన, గీతలున్న డాలర్ నోట్లు తీసుకోరు, హైదరాబాద్‌లోనే చూసి మార్చుకోండి.

ఇక గైడ్. కోహ్ కేర్ అంటే ఒక గుడి కాదు. 81 చదరపు కిలోమీటర్ల రక్షిత ప్రాంతం, అందులో అడవి మధ్య చెదిరిపోయిన పదుల గుళ్లు. గైడ్ లేకపోతే డ్రైవరు లోపలికి వెళ్లగానే ప్రాసాత్ ప్రామ్ గుడి దగ్గర ఐదు నిమిషాలు ఆపి, ప్రాసాత్ థోమ్ పిరమిడ్ దగ్గర గంట ఆపి, నేరుగా భోజనానికి తీసుకెళ్తాడు. లింగాల గుళ్లు, ప్రాసాత్ చెన్ ఎగిరిపోతాయి. లైసెన్సు లేని డ్రైవరు లోపలికొచ్చి వివరించకూడదు, అది అక్కడి నియమం. అతన్ని తప్పుపట్టలేం.

పాలపిట్ట
శాకాహారులైతే మధ్యాహ్నం భోజనం కట్టించుకెళ్లండి. కోహ్ కేర్ దగ్గర చిన్న హోటళ్లున్నాయి, కానీ కూరగాయల వేపుడులో కూడా చేపల సాస్ పడుతుంది.

కృష్ణాతరంగం
డ్రైవరు ఆపకపోతే ఆపమని చెప్పాలి. మ్యాపులో ముందే గుర్తులు పెట్టుకుని, గుళ్ల చుట్టూ తిరిగే లూప్ రోడ్డులో ఎక్కడెక్కడ ఆపాలో కాగితం మీద రాసివ్వండి, అంతే. దానికి 50 డాలర్లా?

ఇంకో మాట, ముందు బెంగ్ మెలియా చూడండి. ఏడున్నరకి గేటు తీయగానే వెళ్తే జనం ఉండరు. అది కోహ్ కేర్‌కి దారిలోనే ఉంది, ఆరో నంబరు జాతీయ రహదారి మీద డమ్‌డెక్ సంత దగ్గర ఎడమకి తిరిగితే 30 కి.మీ.

స్టీరింగ్_శ్రీను
తరంగం గారూ, ముందు బెంగ్ మెలియా చూస్తే కోహ్ కేర్ చేరేది పదకొండింటికి. పిరమిడ్ 36 మీటర్ల ఎత్తు, ఏడు అంతస్తులు, పక్కన కట్టిన చెక్క మెట్ల మీదుగా ఎక్కాలి. పైన నీడన్నది లేదు. మిట్టమధ్యాహ్నం ఆ మెట్లు ఎక్కిస్తారా? దూరంది ముందు, దగ్గరది తర్వాత. బెంగ్ మెలియా చెట్ల నీడలో ఉంటుంది, మధ్యాహ్నం రెండింటికి కూడా హాయిగానే తిరగొచ్చు.

కృష్ణాతరంగం
అమ్మగారికి మోకాళ్ల నొప్పి అని రాశారు కదా, పిరమిడ్ ఎలాగూ ఎక్కరు. మధ్యాహ్నం బెంగ్ మెలియాకి టూర్ బస్సులన్నీ ఒకేసారి దిగుతాయి. చెక్క వంతెన మీద ఫొటోల కోసం జనం నిలబడిపోతే ముసలివాళ్లు ఎటూ కదల్లేరు.

స్టీరింగ్_శ్రీను
ఆమె ఎక్కకపోయినా మిగతా ముగ్గురు ఎక్కుతారుగా. బస్సులు మూడింటికల్లా తిరుగుముఖం పడతాయి. మూడున్నరకి చేరండి, నాలుగూముప్పావుకి బయటపడండి. డమ్‌డెక్ వరకు వెలుతురు ఉండాలి, చీకటి పడ్డాక లైట్లు లేని ట్రాక్టర్లూ పశువులూ రోడ్డు మీదే ఉంటాయి.

కృష్ణాతరంగం
చీకటి పడుతుందని భయపడేవాళ్లు దగ్గర గుడి సాయంత్రానికి ఎందుకు పెట్టుకుంటారు? ముందు బెంగ్ మెలియానే.

మందారం_మెల్‌బోర్న్
ఈ వరస గొడవ పక్కన పెడితే, అమ్మగారికి ఏది నయం? బెంగ్ మెలియా పునరుద్ధరించని గుడి. కూలిన రాళ్లు గుట్టలుగా పడి ఉంటాయి. చెక్క దారి ఉన్నా మధ్యలో మెట్లు ఎక్కి దిగాలి. జనవరిలో పొడిగా ఉంటుంది కాబట్టి పర్లేదు, వానాకాలంలో ఆ పలకలు పాకుడు పట్టి జారుతాయి. కోహ్ కేర్‌లో పిరమిడ్ వదిలేస్తే మిగతా అంతా చదునే, ఒక్కో గుడి దగ్గరా కారు దిగి కొద్ది దూరం నడిస్తే చాలు. తొక్కిన బాట దాటి అడవిలోకి మాత్రం వెళ్లొద్దు. గుళ్ల చుట్టూ మందుపాతరలు తీసేశారు, దూరంగా ఎర్ర పుర్రె బోర్డులు కనపడితే అటు అడుగేయకండి.

ఇసుకరాయి
తరంగం గారు "మనకి తెలిసిన కథే" అన్నారు కాబట్టి ప్రాసాత్ చెన్ గురించి చెప్తాను. నాలుగో జయవర్మ కోహ్ కేర్ రాజధానిగా ఏలింది 928 నుంచి 941 దాకా. ఆ గుడి పడమటి గోపురంలో భీమ దుర్యోధనుల గదాయుద్ధాన్ని నిలువెత్తు విగ్రహాలుగా నిలబెట్టారు. గోడ మీద చెక్కడం కాదు, అన్ని వైపులా చెక్కిన విడి విగ్రహాలు: ఇద్దరు యోధులు, చుట్టూ చూస్తున్న పాండవులు, కృష్ణుడు, బలరాముడు. రాజమహేంద్రవరంలో నన్నయ గారు భారతం మొదలుపెట్టడానికి దాదాపు నూరేళ్ల ముందు మాట.

1970ల్లో యుద్ధం నడుస్తుండగా దొంగలు ఆ విగ్రహాల్ని చీలమండల దగ్గర కోసి పట్టుకుపోయారు. పాదాలు పీఠాల మీదే మిగిలాయి. దుర్యోధనుడు 2011లో న్యూయార్క్‌లో సోత్‌బీస్ వేలానికి వచ్చాడు. మిగిలిన పాదాలతో సరిపోల్చి ఇది ప్రాసాత్ చెన్‌దేనని నిరూపించారు. 2014లో దుర్యోధనుడు, కాలిఫోర్నియా నార్టన్ సైమన్ మ్యూజియం నుంచి భీముడు, క్రిస్టీస్ వేలం సంస్థ నుంచి బలరాముడు, ముగ్గురూ తిరిగొచ్చారు. ఇప్పుడు నమ్‌పెన్ నేషనల్ మ్యూజియంలో ఉన్నారు. గుడి దగ్గర మీకు కనపడేది ఖాళీ గోపురం, ఇటుకలు, గడ్డి. ఈ కథ చెప్పేవాడు పక్కన లేకపోతే భారతం కంఠతా వచ్చినవాడు కూడా ఆ గోపురం దాటి వెళ్లిపోతాడు. ఉగ్గుపాలు ఇక్కడ చాలవు.

కృష్ణాతరంగం
ఇప్పుడు మీరు రాశారుగా, చదువుకుని వెళ్తాం. గైడ్ ఎందుకు మళ్లీ? గైడ్లు చెప్పేవాటిలో సగం కల్పితాలు కూడాను. బెంగ్ మెలియా ఏ రాజు కట్టాడో చెప్పే శాసనం ఒక్కటీ దొరకలేదు, శైలిని బట్టి 12వ శతాబ్దం అంటారు, అంతే. నాకు తగిలిన గైడ్ మాత్రం రాజుగారి కూతురు, మాంత్రికుడు అంటూ అరగంట లాగాడు. క్షీరసాగర మథనం చూపించి అందులో విష్ణువు ఎక్కడున్నాడంటే చెప్పలేకపోయాడు. మన దేవుళ్ల గురించి మనకి వాళ్లు చెప్పేదేంటి?

ఇసుకరాయి
ఒక్క గైడ్ బాగాలేకపోతే అందరూ అంతేనా? బుక్ చేసేముందు రెండు ప్రశ్నలు అడగండి: ప్రాసాత్ చెన్‌కి తీసుకెళ్తారా, బెంగ్ మెలియా రాయి ఎక్కడిది? రెండోదానికి కూలెన్ కొండ ఆగ్నేయ పాదం దగ్గర గనులని చెప్పగలిగితే పనికొచ్చే మనిషి. అంగ్‌కోర్‌కి ఇసుకరాయి వెళ్లింది ఆ చుట్టుపక్కల గనుల నుంచే.

అసలు మీ మాటల్లో నాకు నచ్చనిది గైడ్ సంగతి కాదు. ప్రతిసారీ "మన", "మన" అంటున్నారు చూడండి, అది. కోహ్ కేర్ లింగాల గుడిలో మనవాళ్ల గుంపు ఒకటి చేసిన పని చూశాను. మనిషి నడుమెత్తు లింగం, అక్కడి బండలోనే తొలిచింది, కింద పానవట్టం, నీళ్లు పోయే తూము. సీసాలో నీళ్లు గుమ్మరించి, కుంకుమ నీళ్లలో కలిపి అడ్డబొట్లు పెట్టారు. కాపలా మనిషి చేతులు జోడించి వద్దన్నాడు, వినలేదు. ఇసుకరాయికి సన్నటి రంధ్రాలుంటాయి. కుంకుమ రంగు లోపలికి ఇంకితే తుడిచినా పోదు. నూనె పడితే దుమ్ము, నాచు పట్టి పై పొర పెచ్చులూడుతుంది. గైడ్ పక్కనుంటే కనీసం ఇది ఆగుతుంది.

కృష్ణాతరంగం
ఇప్పుడు బయటపడింది! శివలింగం కనపడితే దణ్ణం పెట్టి నీళ్లు పోయడం నేరమా? అభిషేకం కోసమే కదా ఆ తూము తొలిచింది? వెయ్యేళ్ల కిందట దాని మీద రోజూ నీళ్లు పోసే ఉంటారు. పూజ లేని గుడిని చూసి మనసు చివుక్కుమనదా మీకు? ప్రదక్షిణ చేస్తే "టూరిస్టులూ, అటు జరగండి" అని అరిపించుకోవడానికా మా నాన్నగారిని అంత దూరం తీసుకెళ్లింది?

ఇసుకరాయి
మీ నాన్నగారికి అది జరక్కూడదండి. దణ్ణం పెట్టడాన్ని ఎవరూ ఆపరు. ఖ్మేర్ వాళ్లు, అంటే అక్కడి కంబోడియా జనం కూడా ఆ గుళ్లలో అగరొత్తులు వెలిగించి మొక్కుతారు. కానీ ముట్టుకోవద్దు, పూయొద్దు. అప్పట్లో పోశారంటే అప్పుడు పైన కప్పు ఉంది, పూజారులున్నారు, రాయి కొత్తది. ఇప్పుడు ఎండకీ వానకీ నాని పగుళ్లిచ్చింది. ఆ గుళ్లు కట్టినవాళ్ల మనవలు అక్కడే ఉన్నారు, ఆ రాళ్లని కాపాడే భారం వాళ్ల మీద ఉంది. యుద్ధం చూశారు, దొంగతనాలు చూశారు. ప్రాసాత్ క్రహమ్‌లో పంచముఖ శివతాండవ విగ్రహం ముక్కలైపోయింది. వాళ్లింటికి వెళ్లి దేవుడి గది తాళం మనదే అనకూడదు.

కృష్ణాతరంగం
తాళం అడగలేదు. గుడిని గుడిగా చూడమంటున్నాను. మీకు అది మ్యూజియం, నాకు గుడి. ఇంతకంటే ఏమీ లేదు.

మందారం_మెల్‌బోర్న్
అసలు గొడవ ఇది అయినప్పుడు 40 డాలర్ల గురించి ఇంతసేపు ఎందుకు?

నిర్వాహకుడు
మాటలు హద్దులో ఉండాలి. అడిగినవారికి పనికొచ్చేది రాయండి.

కృష్ణాతరంగం
సరే, పనికొచ్చేదే. కుంకుమ, కొబ్బరికాయ తీసుకెళ్లకండి, గొడవెందుకు. కానీ లింగం ముందు రెండు నిమిషాలు కూర్చోనిచ్చే గైడ్‌నే మాట్లాడుకోండి, పరుగులు పెట్టించేవాడిని కాదు. గైడ్ వద్దనుకుంటే ఈ వరస డ్రైవరుకి రాసివ్వండి: ప్రాసాత్ ప్రామ్, ప్రాసాత్ థోమ్, లింగాల గుళ్లు, ప్రాసాత్ చెన్. మొత్తం మూడు గంటలు.

ఇసుకరాయి
ప్రాసాత్ ప్రామ్‌లో ఐదు గోపురాలున్నాయి, వాటిని మర్రి జాతి వేళ్లు చుట్టేసిన చోట నెమ్మదిగా చూడండి, అక్కడ ఇరవై నిమిషాలైనా పెట్టండి. అమ్మగారికి అదే అన్నిటికంటే సులువు. భుజాలు, మోకాళ్లు కప్పే బట్టలు అందరికీ తప్పనిసరి.

తుంగభద్ర_తీరం
అందరికీ ధన్యవాదాలు. ప్రేహ్ విహార్ మానుకున్నాం. ఏడు రోజుల పాస్, ఏడు సీట్ల కారు, గైడ్ కూడా మాట్లాడుకున్నాం, ప్రాసాత్ చెన్ తెలుసన్నాడు. ముందు ఏ గుడి అన్నది ఇంకా తేల్చుకోలేదు. దిగే రోజే నేరుగా ఎయిర్‌పోర్టు నుంచి బెంగ్ మెలియా చూసుకుని ఊళ్లోకి వెళ్తే ఎలా ఉంటుంది?

స్టీరింగ్_శ్రీను
అది మంచి ఆలోచన. 2023 అక్టోబర్‌లో తెరిచిన కొత్త ఎయిర్‌పోర్టు ఊరికి 40 కి.మీ. పైనే తూర్పున ఉంది, డమ్‌డెక్ వైపే. విమానం మధ్యాహ్నం ఒంటిగంట లోపు దిగితేనే పెట్టుకోండి. పాస్ ముందే ఆన్‌లైన్‌లో కొనండి. అప్పుడు నాలుగో రోజంతా కోహ్ కేర్‌కే మిగులుతుంది, ఐదింటికి లేవాల్సిన పనీ లేదు, ఆరింటికి బయల్దేరినా సరిపోతుంది.

కృష్ణాతరంగం
చూశారా, ముందు బెంగ్ మెలియానే.