‘కాంగ్రెస్ జిల్లా’ అనొద్దు సరే, మరి ఆ వంకర గీతల పనిని ఏమనాలి?

ఫ్రీమాంట్ వాసి:
గ్రూపు పెద్దలకు నమస్కారం. ఒక చిక్కు తెచ్చాను, విప్పి పెట్టండి.

మేముండేది కాలిఫోర్నియాలో. 2021లో ఇక్కడ నియోజకవర్గాల హద్దులు కొత్తగా గీస్తున్నప్పుడు, మన పెద్దవాళ్ళ కోసం నేను, ఇద్దరు మిత్రులు కలిసి తెలుగులో ఒక కరపత్రం వేశాం. అందులో రెండు ఘోరాలు చేశాం. ఇక్కడి పార్లమెంటు పేరు కాంగ్రెస్ కదా, దానికి సభ్యుణ్ణి ఎన్నుకునే ‘కాంగ్రెషనల్ డిస్ట్రిక్ట్’ని ‘కాంగ్రెస్ జిల్లా’ అని రాశాం. మా వీధి చివర ఒంగోలు బాబాయిగారు అది చదివి, "ఇక్కడా కాంగ్రెస్సేనా? మిగతా పార్టీల జిల్లాలు ఎటున్నాయి?" అన్నారు.

రెండోది ఇంకా దారుణం. అప్పుడు ఇక్కడ పటం గీసింది 14 మంది పౌరుల కమిషన్: ఐదుగురు డెమోక్రాట్లు, ఐదుగురు రిపబ్లికన్లు, ఏ పెద్ద పార్టీకీ చెందనివాళ్ళు నలుగురు. మీ కమ్యూనిటీ ఏది, ఎక్కణ్ణుంచి ఎక్కడిదాకా, ఎందుకు కలిపి ఉంచాలి అని వాళ్ళు జనాన్ని అడిగారు. మేం దాన్ని ‘మీ సామాజిక వర్గం వివరాలు తెలపండి’ అని అచ్చేశాం. బాబాయిగారు ఆ రాత్రే ఫోను: "సముద్రాలు దాటొచ్చినా కులం అడగడం మానరేంట్రా?"

2025 నవంబరులో జనం ఓటుకు పెట్టిన 50వ ప్రతిపాదన నెగ్గింది. మామూలుగా పదేళ్ళకోసారి జనాభా లెక్కల తర్వాత మార్చే పటాన్ని టెక్సాస్ వాళ్ళు మధ్యలోనే మార్చుకున్నారని, దానికి పోటీగా ఇక్కడ శాసనసభ గీసిన పటం పెట్టారు. 2030 ఎన్నికల దాకా ఇదే. కాబట్టి కరపత్రం పని మళ్ళీ నా నెత్తిన పడింది. ఆ రెండు మాటలకూ, పటాన్ని స్వలాభానికి వంకర తిప్పే పనికీ తెలుగు మాటలు కావాలి.

పల్నాటి పంతులు:
మొదటిదానికి వెతుక్కోనవసరం లేదు తమ్ముడూ. మన ‘నియోజకవర్గం’ చాలు. జిల్లా కలెక్టరుది, నియోజకవర్గం ఓటరుది. మన లోక్‌సభ లాంటిది అక్కడ ప్రతినిధుల సభ కాబట్టి ‘ప్రతినిధుల సభ నియోజకవర్గం’ అని రాయి, పార్టీ గొడవ ఉండదు.

ఈ మాటను ఒకసారి విప్పి చూడండి, చాలా బాగుంటుంది. నియోజకుడంటే నియోగించేవాడు, అంటే మనిషిని పనిలో పెట్టేవాడు. అలా పెట్టేవాళ్ళ గుంపు నియోజకవర్గం. పేరులో నేల లేదు, మనుషులే ఉన్నారు. హిందీవాళ్ళు ‘నిర్వాచన్ క్షేత్ర్’ అంటారు, కన్నడిగులూ ‘క్షేత్ర’ అనే అంటారు. అక్కడ నేల ముందు. మరాఠీలో ‘మతదార్ సంఘ్’, ఓటర్ల సంఘం. వాళ్ళు మన పక్షం. ఇక ‘జిల్లా’ అరబ్బీ మాట, అసలర్థం పక్కటెముక, పక్క. హద్దు గీత దాని పుట్టుకలోనే ఉంది.

కేరళ కోడలు:
మాస్టారూ, మా అత్తగారింట్లో ‘నియోజకమండలం’ అంటారు. సగం మీది, సగం హిందీవాళ్ళది.

మన్యం మనిషి:
జిల్లా వేరు, నియోజకవర్గం వేరు అంటున్నారు గానీ, మన ఆంధ్రప్రదేశ్‌లో 2022 ఏప్రిల్‌లో రెంటినీ దాదాపు ఒకటి చేశారు. లోక్‌సభ స్థానానికో జిల్లా అని 13ని 26 చేశారు. 25 స్థానాలకు 26 ఎలా వచ్చాయి? మా అరకు వల్ల. ఇటు పాలకొండ నుంచి అటు రంపచోడవరం దాకా కొండల వెంట సాగిపోయే స్థానం మాది. జిల్లా చెయ్యాలంటే ఒక్క ఊళ్ళో కలెక్టరాఫీసు పెట్టి అందరినీ అక్కడికి రమ్మనలేరు కదా, అందుకే పార్వతీపురం మన్యం, అల్లూరి సీతారామరాజు అని రెండు చేశారు. అంటే ఓటు కోసం కలిపిన గిరిజనులను పాలన కోసం విడదీశారు. రెండూ సబబే అనుకుంటాను. ఒక్క గీత రెండు పనులకూ సరిపోదు, అంతే.

చికాగో అక్క:
తమ్ముడు చెప్పిన అరకు వింటుంటే మా ఇలినాయ్ 4వ నియోజకవర్గం యాదికొచ్చింది. 1990 జనాభా లెక్కల తర్వాత గీసింది. పటంలో చూస్తే చెవులకు పెట్టుకునే హెడ్‌ఫోన్ లెక్కనే ఉండేది. పైన ఒక చెవి: హంబోల్ట్ పార్క్ చుట్టూ పోర్టోరికో వాళ్ళు. కింద ఇంకో చెవి: పిల్సెన్, లిటిల్ విలేజ్‌లో మెక్సికో వాళ్ళు. మధ్యలో నల్లజాతి వాళ్ళ పేటలు, అవి 7వ నియోజకవర్గంలో. రెండు చెవులను కలిపే తీగ ఏంటిదంటే, పడమర దిక్కున ఇంటర్‌స్టేట్ 294 టోల్ రోడ్డు! నేను రోజూ దాని మీదనే ఆఫీసుకు పొయ్యేదాన్ని. రెండు దిక్కులా కార్లు, గోడలు, టోల్ బూత్. ఓటరు ఒక్కడు లేడు. హద్దు మాత్రం ఉంది.

చూసినోళ్ళు నవ్వేవాళ్ళు, ఇంత వంకర పటం దేశంలోనే లేదని. కోర్టుకు కూడా పోయిన్రు, అయినా నిలబడ్డది. ఎందుకంటే దాని వల్లనే 1992లో లూయిస్ గుటియెరెజ్ గెలిచిండు, ఇలినాయ్ నుంచి కాంగ్రెస్‌కు పోయిన మొదటి లాటినో. స్పానిష్ మాట్లాడే రెండు గుంపులను చెరో పక్కకు చీలిస్తే ఎవరి మాటా చెల్లకపోయేది. 2020 లెక్కల తర్వాత రాష్ట్రానికి ఒక సీటు తగ్గినా, ఆ హెడ్‌ఫోన్ విరిచి లాటినోల బలమున్న రెండు నియోజకవర్గాలు చేసిన్రు. ఇప్పుడు ఉత్తరం దిక్కు వాళ్ళకు 3వది. 

అందుకే అంటున్న, వంకర కనపడంగనే మోసం అనొద్దు. పంతులుగారు చెప్పినట్టు అది నేల బొమ్మ కాదు, మనుషుల లెక్క.

పల్నాటి పంతులు:
ఈ ముక్క నేను వ్యాసం రాసి చెప్పలేకపోయేవాణ్ణి అక్కా.

మూడో మాటకు నా ఓటు ‘గట్టు జరపడం’. మా ఊళ్ళో ఒకాయన ఉండేవాడు. ఏటా దుక్కి దున్నేటప్పుడు నాగలిని ఒక్క చాలు గట్టులోకి పోనిచ్చేవాడు. ఒక్క చాలే, ఎవరు అడుగుతారు? పదేళ్ళకు గట్టు సన్నబడి, మనిషి నడవాలంటే చేతులు చాపుకుని నడవాల్సొచ్చేది. చివరికి సర్వేయరు గొలుసు పట్టుకొచ్చేసరికి హద్దురాయి అవతలివాడి మిరప చేలో తేలింది.

ఫ్రీమాంట్ వాసి:
పోలిక అద్భుతం మాస్టారూ, కానీ ఒక్కచోట అతకడం లేదు. గట్టు జరిపితే ఒకరికి నేల పెరుగుతుంది, ఒకరికి తగ్గుతుంది. ఇక్కడ ఎవరికీ పెరగకూడదు. ఒక రాష్ట్రంలో నియోజకవర్గాలన్నిట్లో జనం ఇంచుమించు సమానంగా ఉండాలని 1964లో సుప్రీంకోర్టు తేల్చేసింది. 2020 లెక్కల ప్రకారం ఒక్కోదానికి దాదాపు 7.6 లక్షల మంది. మన మల్కాజ్‌గిరిలో ఓటర్లే 30 లక్షలు దాటారు కదా, ఇక్కడ అలా కుదరదు. కాబట్టి దొంగతనమంతా ఎంతమంది అన్నదాంట్లో కాదు, ఎవరిని ఎవరి పక్కన కూర్చోబెట్టాలన్నదాంట్లో ఉంది. అవతలి పార్టీవాళ్ళందర్నీ ఒక్కదాంట్లోనే కుక్కేస్తారు, అక్కడ బ్రహ్మాండమైన మెజారిటీతో గెలిచి మిగతాచోట్ల ఓడిపోతారు. లేదా నాలుగు ముక్కలుగా చీల్చి నాలుగుచోట్లా తేలిపోయేట్టు చేస్తారు.

చికాగో అక్క:
అయితే కుక్కుడు, చీల్చుడు అని రాయి. అందరికీ తెలుస్తది.

కేరళ కోడలు:
ఈ పనిని ఇంగ్లీషులో ‘గెరీమాండరింగ్’ అంటారు కదా, ఆ మాట పుట్టుక చెప్పనా? 1812లో మసాచుసెట్స్ గవర్నరు ఎల్బ్రిడ్జ్ గెరీ. స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకం పెట్టినవాళ్ళలో ఒకడు. ఆయన సంతకం చేసిన పటంలో ఎసెక్స్ కౌంటీలోని రాష్ట్ర సెనేట్ స్థానం ఒకటి వంకర్లు తిరిగి ఉంటే, ఒక బోస్టన్ పత్రిక దానికి గోళ్ళు, రెక్కలు, కోరలు పెట్టి బొమ్మ వేసింది. సాలమాండర్ అనే బల్లిలాంటి జంతువుకు గెరీ పేరు తగిలించి ‘గెరీమాండర్’ అంది. ఆ ఏడాది గవర్నరు పదవికి ఆయన ఓడిపోయాడు. పటం పుణ్యమా అని సెనేట్ మాత్రం ఆయన పార్టీకే దక్కింది. పేరు ‘గ’తో, పాపం, రెండు శతాబ్దాలుగా జనం ‘జెర్రీ’ అంటున్నారు.

మన్యం మనిషి:
జెర్రీయా? మన జెర్రి ఉండగా వాళ్ళ సాలమాండర్ మనకెందుకు? పొడుగ్గా, మెలికలు తిరిగి, రెండు పక్కలా కాళ్ళేసుకుని పాకే నియోజకవర్గం. మీ అత్తగారింటి మండలం కలపండి. జెర్రిమండలం!

పల్నాటి పంతులు:
శభాష్. వ్యాకరణం సంగతి నేను చూసుకుంటాను.
కాకపోతే మండలమంటే మనవాళ్ళకు తహసీల్దారు ఆఫీసు గుర్తొస్తుంది. కరపత్రంలో వద్దు, మనలో మనకు ఉంచుకుందాం.

ఫ్రీమాంట్ వాసి:
రెండో మాట, అదే ‘కమ్యూనిటీ’, మిగిలిపోయింది. ‘ఉమ్మడి ప్రయోజనాల సముదాయం’ అని రాసి చూశాను, సహకార బ్యాంకు పేరులా ఉంది.

చికాగో అక్క:
ఒక్క మాట ఎందుకు వెతుకుతవ్? ప్రశ్న అడుగు.

ఫ్రీమాంట్ వాసి (మర్నాడు):
అక్క మాటే విన్నాను. ‘మీ బాగోగులూ వాళ్ళ బాగోగులూ ఒకటే అనిపించే జనం మీ చుట్టూ ఎవరున్నారు? ఏ వీధి నుంచి ఏ వీధి దాకా?’ అని రాసి, పాత పటం మీద గీయమని బాబాయిగారికే ముందు ఇచ్చాను. కులం మాట ఎత్తలేదు. పెన్ను తీసుకుని మనవడి బడి, లైబ్రరీ, రోజూ పొద్దున్నే నడిచే ఎలిజబెత్ చెరువు, తనతో నడిచే పంజాబీ పెద్దాయన ఇల్లు, చైనా ఆవిడ కూరగాయల కొట్టు అన్నీ కలుపుతూ ఒక గీత గీశారు. 2021 పటంలో మా ఊరు 14, 17 నియోజకవర్గాల మధ్య రెండు ముక్కలైన సంగతి ఆయనకు తెలియదు. గీసింది నాకు చూపించి, "ఇదేంట్రా, జెర్రిలా వచ్చింది?" అన్నారు.