జానపద విభాగంలో ‘కుటుమా కుటు’: పెట్టనివ్వాలా, వద్దా?

హాలు_తాళాలు (నిర్వాహకుడు):
ఈసారి సంక్రాంతికి డాలస్ పక్కనున్న నేపాలీవాళ్లతో కలిసి ఒకే హాలు తీసుకుంటున్నాం. డాన్సు పోటీలో రెండు విభాగాలు: జానపదం, సినిమా. అంశానికి నాలుగు నిమిషాలు. వాళ్ల పిల్లల బృందం ఒకటి, ఎనిమిదిమంది, ‘కుటుమా కుటు’ని జానపదం కింద ఇచ్చారు. తెలియనివాళ్లకి చెప్తున్నా: 2017లో వచ్చిన ‘దుయ్ రుపైయాఁ’ అనే కామెడీ సినిమాలో పాట ఇది. ఒక రెండు రూపాయల నోటు చుట్టూ తిరిగే కథ. యూట్యూబులో 10 కోట్ల వ్యూస్ దాటిన మొదటి నేపాలీ పాట కూడా ఇదే. మన రూలేమో ‘సినిమా పాటలు సినిమా విభాగంలోనే’ అంటోంది. ఆదివారంలోగా జాబితా ఖరారు చేయాలి. ఏం చేద్దాం?

వలంతల:
ఇందులో చర్చించడానికి ఏముంది? రాసి, బాణీ కట్టింది రాజన్ రాజ్ సివాకోటి. పాడింది ఆయనా, మెలినా రాయ్‌నూ. తెర మీద ఆడింది స్వస్తిమా ఖడ్కా. సినిమా తీసింది అసీమ్ షా. ఇన్ని పేర్లు పెట్టుకున్న పాట జానపదం ఎలా అవుతుంది? సినిమా విభాగంలో వేయండి, సరిపోతుంది.

కరీంనగర్_గజ్జె:
పేరుంటే జానపదం కాదంటే నేపాల్‌ల జానపదమే మిగల్దన్నా. ‘రేశమ్ ఫిరిరీ’ వినని టూరిస్టు ఉంటడా? అందరు దాన్ని అనాదిగ వస్తున్న పాట అనుకుంటరు. 1969ల రేడియో నేపాల్ రికార్డు చేసింది, దాని మీద బుద్ధి పరియార్ పేరుంది. మరి అది జానపదమా కాదా చెప్పు.

వలంతల:
రేడియో వేరు, సినిమా వేరు.

కరీంనగర్_గజ్జె:
ఎట్ల వేరో చెప్పలే.

చాయ్_బ్రేక్:
పాప్‌కార్న్ తెచ్చుకున్నా.

ఖాట్మండు_తెలుగోడు:
ఇద్దరూ ఒక్క నిమిషం ఆగండి. ఇక్కడ నేపాల్‌లో ‘లోక్ గీత్’ (జానపద గీతం) అంటే మ్యూజియంలో పెట్టిన సరుకు కాదు, నడుస్తున్న మార్కెట్టు. కొత్త పాట రాసి, పేరు వేసుకుని, వీడియో తీసి, లోక్ గీత్ అనే అమ్ముతారు. ఎవరూ తప్పు పట్టరు. దోహోరి మాత్రం వేరే సంగతి. అందులో మగవాళ్లు ఒక పక్క, ఆడవాళ్లు ఒక పక్క కూర్చుని పాటతోనే సవాలు విసురుకుంటారు, జవాబు అప్పటికప్పుడు కట్టాలి. జవాబు తట్టనివాడు ఓడిపోతాడు. ఖాట్మండులో దాని కోసమే ‘దోహోరి సాంఝ్’ అని రెస్టారెంట్లు ఉన్నాయి. ‘కుటుమా కుటు’లో ఆడ, మగ గొంతులు రెండూ ఉన్నాయి గానీ మాటలన్నీ ముందే రాసిపెట్టినవి. కాబట్టి ఎవరైనా ‘ఇది దోహోరి’ అంటే నమ్మకండి. ‘లోక్ పాప్’ అంటే నేను అభ్యంతరం చెప్పను.

ఇంకోటి. నేపాల్ జానపదం అనగానే కొండల పాటే గుర్తొస్తుంది అందరికీ. సుదూర పశ్చిమంలో దేవుడా అని ఆడతారు, చేతులు పట్టుకుని గుండ్రంగా, అడుగుల లయ మీదే పాట నడుస్తుంది. దిగువన తరాయి మైదానాల్లో ఉండే థారూ తెగవాళ్ల ఆటలు వేరు. ఒక్క సినిమా పాటతో ‘ఇదే నేపాల్’ అని మాత్రం అనౌన్స్ చేయకండి.

వలంతల:
సరే, పేర్ల సంగతి వదిలేద్దాం. శబ్దం సంగతి చూద్దాం. కొండ పాటకి ప్రాణం మాదల్ అనే రెండు ముఖాల వాద్యం. అడ్డంగా ఒళ్లో పెట్టుకునో, నడుముకి కట్టుకునో వాయిస్తారు. ఒక ముఖం పెద్దది, ఒకటి చిన్నది, పొట్ట దగ్గర కొంచెం ఉబ్బు. రెండు ముఖాల మీదా నల్లటి కరణ (ముద్ద పూత) ఉంటుంది, వాళ్లు ఖరీ అంటారు. దాని వల్లే రెండు పక్కలా శ్రుతి పలుకుతుంది. మన మృదంగంలో కరణ కుడివైపే శాశ్వతం. ఎడమ ముఖానికి, అంటే తొప్పికి, కచేరీకి ముందు తడి రవ్వ పెట్టుకుంటాం. ఢోలక్‌లో మసాలా పెద్ద ముఖం లోపలివైపు పూస్తారు, చిన్న ముఖం మీద ఏమీ ఉండదు. అందుకే ఢోలక్ చిన్న ముఖం ‘టక్’మంటుంది గానీ మాదల్ లాగా మోగి నిలవదు. ఈ పిల్లలకి ఎవరో ఒకరు ఎలక్ట్రానిక్ ప్యాడ్ మీద ఢోలక్ సౌండు పెట్టి ఇస్తారు, మనం జానపదం అని చప్పట్లు కొట్టాలి. అంతేగా?

కరీంనగర్_గజ్జె:
పిల్లలు ఢోలక్ పెడుతున్నరని ఎవరన్నరు? వాళ్లు ఒరిజినల్ ట్రాకే ఇచ్చిన్రు.

వలంతల:
అదే నా బాధ.

మిక్సర్_మూర్తి:
ట్రాక్ మాట వచ్చింది కాబట్టి. నాలుగు నిమిషాలకి కోయాలంటే పల్లవి తిరిగొచ్చే చోట, సమం (తాళం మొదటి దెబ్బ) మీదే కోయండి. చరణం మధ్యలో కోస్తే డాన్సర్లు ఎంత రిహార్సల్ చేసినా ఆ చోట ఒక అడుగు గాల్లో ఉంటుంది. అతుకు దగ్గర 10 నుంచి 20 మిల్లీసెకన్ల క్రాస్‌ఫేడ్ (ఒక ముక్క తగ్గుతూ ఇంకోటి పెరగడం) చాలు. అంతకన్నా పెంచితే దెబ్బ రెండుసార్లు వినిపిస్తుంది. వేగం 5 శాతం వరకు పెంచినా తగ్గించినా చెవికి దొరకదు. 10 శాతం దాటితే గొంతులూ, సారంగి, వేణువు లాంటి సాగే వాద్యాలూ చెడతాయి. తాళవాద్యాల అంచు కూడా మొద్దుబారుతుంది. యూట్యూబు నుంచి దించిన ఫైలు పెట్టకండి. సబ్‌వూఫర్ మీద తేడా బండగా తెలిసిపోతుంది.

ప్యాడ్ మీద మాదల్ వాయించేవాళ్లకి ఒక్క మాట: ఒకే శాంపిల్‌ని (రికార్డు చేసిన దెబ్బని) పదే పదే కొడితే టైపు మిషన్ చప్పుడవుతుంది. ఒక్కో దెబ్బకి కనీసం నాలుగు శాంపిల్స్ వంతులవారీగా పెట్టుకోండి, మెల్లగా కొట్టినవి వేరేగా రికార్డు చేసుకోండి.

తాళం_తప్పినోడు:
ఈ పాట ఆరు లెక్కా, నాలుగు లెక్కా?

ఖాట్మండు_తెలుగోడు:
పేరు చూసి తేల్చుకోవద్దు, చప్పట్లు కొట్టి చూసుకోండి. కొండ పాటల్లో ఎక్కువగా వినిపించేవి రెండు. ఝ్యావురే ఆరు లెక్క, హిందుస్తానీ దాద్రా తాళానికి దగ్గర, ఊగుతూ ఉంటుంది. ఖ్యాలీ నాలుగు లెక్కలో పోతుంది, కెహర్వా తాళం వచ్చినవాళ్ల చేతికి త్వరగా పడుతుంది. ‘నేపాలీ పాట కదా’ అని దేనికైనా ఝ్యావురే కొట్టేయడం మనవాళ్ల అలవాటు. ఆరు లెక్క పాటకి నాలుగు దెబ్బల డీజే కిక్ తగిలిస్తే ఊపు చచ్చిపోతుంది, నడక మిగులుతుంది.

కరీంనగర్_గజ్జె:
ఇంతసేపు అందరు వాద్యం గురించే మాట్లాడిన్రు. ఇది డాన్సు పోటీ అని యాదికుందా? జడ్జీలు చూసేది కాళ్లను, చేతులను.

డాన్స్ మాస్టర్‌గ నా లెక్క చెప్తా. కొండ ఆటల మోకాలు ఎప్పుడూ కొంచెం వంగే ఉంటది, బిగవట్టరు. బరువు ఒక కాలి మీద నుంచి ఇంకో కాలికి మారుడే అసలు అడుగు. మణికట్టు బయటికి తిరుగుతది, భుజం దాని వెనుక కదుల్తది. సినిమాల చేసింది కెమెరా కోసం: కంటి సైగ, మూతి విరుపు, భుజం ఝాడింపు. ఇవి హాలుల అయిదో వరుస దాటితే కనవడయి. మక్కీకి మక్కీ దించితే స్టేజి ఖాళీగ కొడ్తది. ఎనిమిదిమంది ఉన్నరు కాబట్టి పల్లవికి నలుగురు నలుగురు ఎదురెదురు వరుసలు, చరణంల ఆడ గొంతుకి ఒక వరుస ముందలికి, మగ గొంతుకి రెండోది. మధ్యల వాద్యం ముక్కకి గుండ్రం. అప్పుడు పాట అడిగింది ఆట చెప్పినట్టయితది.

పటుకా, అంటే నడుముకు చుట్టే బట్ట, సంగతి కూడా చూసుకోండ్రి. మీటర్ల కొద్ది పొడుగుంటది. వదులుగ చుడితే రెండో గంతుకే జారుతది, బిగ్గ చుడితే ఊపిరాడది. లోపలి రెండు చుట్లు బిగ్గ, పైవి కొంచెం వదులు, కొసను లోపలికి దోపి రెండు సేఫ్టీ పిన్నులు. పోతే, పూసల దండలను జాకెట్టుకు ఒక కుట్టు ఎయ్యండ్రి. లేకపోతే ఎగిరి మూతికి తగుల్తయి.

గిదంత జేసినంక మీరు ‘సినిమా పాట’ అని పక్కకు నెడ్తరా?

వలంతల:
ఆట బాగుందా లేదా అన్నది మార్కుల విషయం. నేను విభాగం గురించి మాట్లాడుతున్నాను. స్పీకర్లో ట్రాక్ వేసి దాని ముందు ఆడేది జానపదమైతే, పెళ్లి ఊరేగింపులో డీజే బండి కూడా జానపదమే.

కరీంనగర్_గజ్జె:
డీజే బండి ముందల ఆడేటోళ్లు జనం కారా? ఇంకెవరు? ఆకాశం నుంచి ఊడిపడ్డరా?

చాయ్_బ్రేక్:
అక్కా 🔥

వలంతల:
గొంతు పెంచితే వాదన బలపడదమ్మా.

కరీంనగర్_గజ్జె:
గొంతు కాదన్నా, రికార్డు తీస్తున్న. పోయినేడు ఇదే పోటీల, ఇదే జానపదం విభాగంల ‘సారంగ దరియా’ పెట్టిన్రు. 2021ల ‘లవ్ స్టోరీ’ సినిమాల వచ్చిన పాట. రచన సుద్దాల అశోక్ తేజ, సంగీతం పవన్ సీహెచ్, పాడింది మంగ్లీ. గన్ని పేర్లు దానికి కూడా ఉన్నయి కద? జనం నోట్లె ఉన్న పాటను సినిమాకు తెచ్చుకున్నరని ఎంత లొల్లి అయిందో అందరికి తెలుసు. అప్పుడు మీరు జడ్జి కుర్చీల కూసోని ‘అచ్చమైన పల్లె పాట’ అని మైకుల పొగిడిన్రు. మన సినిమా పాటేమో జానపదం, వాళ్ల సినిమా పాటేమో సినిమా. గింతేనా న్యాయం?

హాలు_తాళాలు (నిర్వాహకుడు):
వ్యక్తుల జోలికి వద్దు, దయచేసి. అయితే పోయినేడు జాబితాలో ఆ పాట జానపదం కిందే ఉంది, అది నిజం.

వలంతల:
ఉంది. పొగిడాను కూడా, కాదనను. అప్పుడు స్టేజి మీద ముగ్గురు డప్పు కొట్టారు. ట్రాక్ లేదు. డప్పుని మంట దగ్గర కాచి, చర్మం బిగిసిందో లేదో వేలితో చూసుకుని ఎక్కారు. హాలువాళ్లు లోపల మంట వద్దంటే పార్కింగులో కాచుకున్నారు. ఆ పాట సినిమాలోదా కాదా అని నేనెందుకు అడుగుతాను?

కరీంనగర్_గజ్జె:
అగో, ఇప్పుడు బయటికొచ్చింది. మీ పేచీ సినిమాతోటి కాదు. ట్రాకుతోటి.

వలంతల:
ట్రాకుతోనే. ముందునుంచీ అదే చెప్తున్నాను.

కరీంనగర్_గజ్జె:
ముందునుంచి చెప్పింది కర్తల పేర్లు.

వలంతల:
సరే, ఇప్పుడు సూటిగానే చెప్తున్నాను. ఎల్ఈడీ తెరకి డబ్బులుంటాయి, పొగ మిషన్‌కి ఉంటాయి, వాయించేవాడికి పెట్రోలు ఖర్చు ఇవ్వమంటే ఉండవు. జానపదం విభాగం ఒక్కటే మిగిలింది వాద్యగాడు స్టేజి ఎక్కడానికి. అక్కడ కూడా పెన్‌డ్రైవ్ చాలంటే వచ్చే ఏడు ఎవరూ డప్పు మోసుకురారు, మాదల్ అంతకన్నా మోసుకురారు. 1971లో ‘హరే రామ హరే కృష్ణ’ హిందీ సినిమాలో ‘కాంచీ రే కాంచీ రే’ పాటకి ఆర్.డి. బర్మన్ డార్జిలింగ్ నుంచి వచ్చిన రంజిత్ గజ్మేర్ చేత మాదల్ వాయించాడు. ఆ చప్పుడు అలా బొంబాయి చెవిలో పడింది. సినిమా పాటే అది. వాయించినవాడు మనిషి, నా లెక్క అంతే.

కరీంనగర్_గజ్జె:
ఇప్పుడు నా లెక్క కూడా విను మరి. వాయించేటోళ్లు రిహార్సల్‌కు రారు. వచ్చినా ఒక్కసారి, అదీ ఫోన్ చూసుకుంట. స్టేజి ఎక్కినంక జనం ఈల ఏస్తే స్పీడు పెంచుతరు. పిల్లల అడుగులు తప్పుతయి, మార్కులు పొయ్యేది పిల్లలకు, చప్పట్లు డప్పుకు. ట్రాక్ ఎన్నిసార్లు ఏసినా ఒక్కతీరుగ వస్తది. గందుకే డాన్సోళ్లు ట్రాక్ అడుగుతరు, పైసలు మిగుల్తయని కాదు.

మిక్సర్_మూర్తి:
ఆవిడ చెప్పింది నిజం. లైవ్ తాళం వేగం పెరగడం మానిటర్ లేకపోవడం వల్ల కూడా జరుగుతుంది. వాయించేవాడికి పాట సరిగ్గా వినపడక, గట్టిగా కొట్టి, గట్టిగా కొట్టే కొద్దీ పరుగెత్తుతాడు. చెవిలో ఇయర్‌ఫోన్‌తో క్లిక్ (లయ చూపే టిక్ టిక్) ఇస్తే ట్రాక్ మీద మాదల్ కూడా కలిపి వాయించవచ్చు. మాదల్‌కి రెండు మైకులు, ముఖానికొకటి, జానెడు దూరంలో. పెద్ద ముఖం వైపు మానిటర్ పెట్టకండి, కూత పెడుతుంది. 60 హెర్ట్జ్ కింద కోసేయండి.

ఖాట్మండు_తెలుగోడు:
ట్రాకులో మాదల్ ఉంది, పైన ఇంకో మాదల్ వాయిస్తే రెండూ కొట్టుకుంటాయి. శ్రుతి కలవకపోతే మరీ అధ్వాన్నం. ట్రాక్ శ్రుతికి మాదల్ వార్లు బిగించుకోవాలి. డాలస్ హాల్లో హీటర్ వేస్తారు, గాలి పొడిబారుతుంది, చర్మం బిగిసి శ్రుతి ఎక్కుతుంది. ఎక్కే పావుగంట ముందు కాదు, గంట ముందు ఆ హాల్లోనే పెట్టి, అప్పుడు కలుపుకోండి.

హాలు_తాళాలు (నిర్వాహకుడు):
నిర్ణయం ఇదీ. ‘సినిమా’ అన్న రూలు తీసేస్తున్నాం. జానపద విభాగంలో ట్రాక్ వాడొచ్చు, ఒక్క వాద్యమైనా స్టేజి మీద వాయిస్తే 10 మార్కులు అదనం. వాయించేవాళ్లు రెండు రిహార్సల్స్‌కి వచ్చినట్టు డాన్స్ మాస్టర్ సంతకం కావాలి. ‘కుటుమా కుటు’ జానపదం కిందే ఉంటుంది. వాద్యం ఉన్న బృందానికి సౌండ్ చెక్ 15 నిమిషాలు.

వలంతల:
సంతకం డాన్స్ మాస్టర్‌దా? వాయించేవాడు ఆవిడ సంతకం కోసం నిలబడాలా?

కరీంనగర్_గజ్జె:
నిలబడాలె. అడుగు తప్పితే నిలబడేది నా పిల్లలే కదా.

మిక్సర్_మూర్తి:
15 నిమిషాలు చాలదు. మాదల్ ఒక్కదానికే 10 పోతుంది. డప్పులూ ఉంటే 25 రాసుకోండి.

వలంతల:
25 రాస్తే పిల్లలకి మాదల్ నేర్పడానికి నేనొస్తాను. పెట్రోలు ఖర్చు వద్దు. సంతకం మాత్రం పెట్టించుకోను.