యుద్ధకాలపు రీళ్లకు రంగులద్దడం తప్పా? డానియల్ కోస్టెల్ మీద చర్చ

రీలుడబ్బా:
ఫ్రాన్సులో టీవీకి ఇంకా రంగు రాని 1966లో, డాక్యుమెంటరీలు తీసే డానియల్ కోస్టెల్ మరో ఇద్దరితో కలిసి ‘గొప్ప యుద్ధాలు’ సిరీస్ మొదలెట్టాడు. యుద్ధంలో ఉన్నవాళ్లనే కూర్చోబెట్టి మాట్లాడించారు. అదే మనిషి 2009లో ఇసబెల్ క్లార్క్‌తో కలిసి ‘అపోకలిప్స్’ అనే టీవీ డాక్యుమెంటరీ సిరీస్ చేస్తూ రెండో ప్రపంచ యుద్ధపు పాత ఫిల్ముకి రంగులేయించాడు. అంత పేరు సంపాదించుకుని చివరికి ఇదేం పని? మీరేమంటారు?

పొద్దుతిరుగుడు:
తప్పేముందండీ? మావాడు తొమ్మిదో తరగతి. నలుపు తెలుపు కనబడితే చాలు, రిమోట్ అందుకుంటాడు. ఇది మాత్రం ఆరు భాగాలూ చూసి, స్టాలిన్‌గ్రాడ్ ఎక్కడుందో వెతకడానికి అట్లాసు తీశాడు. 2010లో ‘మాయాబజార్’ రంగుల్లో వస్తే మనం హాలుకి పరిగెత్తలేదా?

నేరేడుచెట్టు:
మాయాబజార్ కథ కదండీ, శశిరేఖ చీర ఏ రంగైతే ఎవరికి నష్టం? మా ఇంట్లో జరిగింది చెప్తా. అమ్మమ్మ పెళ్లి ఫొటోకి స్టూడియో ఆయన చేత్తో రంగులద్ది, చీరకి ఆకుపచ్చ వేశాడు. ఆవిడ కట్టింది నేరేడుపండు రంగు. మొత్తుకుని చెప్పేది పాపం. ఇప్పటికీ మా పిన్నులు ‘అమ్మ ఆకుపచ్చ పెళ్లిచీర’ అనే అంటారు. ఫొటో మాటే నెగ్గింది.

అప్పట్లో ఫ్రాన్సులో జార్జ్ దిదీ-యుబెర్మాన్ అనే తత్వవేత్త ఈ సిరీస్ మీద విరుచుకుపడ్డాడు. నన్నడిగితే రంగుకన్నా కోత ఎక్కువ బాధ. పాత ఫిల్ము వెడల్పు, ఎత్తు 4:3 పాళ్లలో ఉంటాయి, చదరానికి దగ్గర. వెడల్పాటి 16:9 టీవీ నిండాలని పైనా కిందా కోశారు. లెక్కేసుకోండి, బొమ్మలో పావు వంతు పోతుంది. ఇక శబ్దం. యుద్ధరంగంలో తీసిన ఫిల్ము చాలావరకు మూగదే. ఆ బూట్ల చప్పుడూ తుపాకుల మోతా తర్వాత కలిపినవే. రంగేశారని మీవాడికి కూడా తెలుసు. ఎగిరిపోయిన ఆకాశం సంగతి వాడికెవరు చెప్తారు?

రీలుడబ్బా:
కోత నాకు తట్టనే లేదు. ఇంకోటి చూడండి, యూదుల ఊచకోత దృశ్యాల్ని మాత్రం నలుపు తెలుపులోనే వదిలేశారు. రంగేస్తే నిజం దగ్గరవుతుందని నమ్మినవాళ్లు అక్కడ కుంచె ఎందుకు దించినట్టు?

పొద్దుతిరుగుడు:
మర్యాద కోసం. వేసుంటే మీరే ముందు తిట్టేవాళ్లు.

నేరేడుచెట్టు:
తిట్టేవాళ్లమే, ఒప్పుకుంటా. మీవాడికి ఓసారి కొయ్యని ఫిల్ము దొరికితే పెట్టండి, సౌండ్ ఆపేసి.