విక్టోరియా శోకం: రాజ్యం పనులు నిజంగా ఆగిపోయాయా?

కోఠి_నాటిక: విక్టోరియా మెమోరియల్ మెట్రో స్టేషన్ పేరు రోజూ వింటాం గానీ ఆవిడ గురించి తెలిసింది తక్కువ. కాలేజీ పోటీకి అరగంట నాటిక రాస్తున్నాం. భర్త ఆల్బర్ట్ పోయాక రాణి తలుపులేసుకుని, రాజ్యాన్ని గాలికొదిలేసినట్టు ఒక సీను ఉంది. అది నిజమేనా? స్టేజీ మీద ఏం తొడగాలి? మావాళ్ళు తెల్లబట్టలంటున్నారు.

పాతసంచిక: ఆ సీను తీసెయ్యండి. ఆగింది జనానికి కనబడటం, సంతకాలు కాదు. ఆల్బర్ట్ 1861 డిసెంబరు 14న విండ్సర్‌లో పోయాడు, ఆమెకు 42 ఏళ్ళు. నెల తిరక్కుండానే, 1862 జనవరిలో ప్రివీ కౌన్సిల్, అంటే రాణికి సలహాలిచ్చే మండలి సమావేశం, జరిగింది. సభ్యులు ఒక గదిలో, రాణి పక్క గదిలో, మధ్యలో తెరిచిన తలుపు. అంశం చదవగానే ఆమె తరఫున క్లర్కే ‘ఆమోదం’ అనేవాడు. మీ సీను ఇదే! రెండు కుర్చీలు, ఒక తలుపు ఫ్రేము చాలు.

ఎందుకంత కుదేలైందంటే, కాగితాలు ముందు చదివి జవాబుల చిత్తుప్రతి రాసిపెట్టేది ఆల్బర్టే. డిసెంబరు 1న కూడా, లేవలేని ఒంటితో, ట్రెంట్ అనే బ్రిటిష్ ఓడను అమెరికా నౌక ఆపి ఇద్దరు దూతల్ని పట్టుకుపోయిన గొడవలో, అమెరికాకు పంపే లేఖను మెత్తబరిచాడు. మొగుడితోపాటు పేషీ కూడా పోయినట్టే.

జనరల్_బజార్: బట్టల సంగతి నేను చెప్తా. అక్కడ వితంతువుకు నలుపు, తలమీద టోపీ మాత్రం తెలుపు. శాటిన్ కొనొద్దు, లైట్లకు మెరిసి శోకమంతా పెళ్ళి రిసెప్షన్ అవుతుంది. క్రేప్ లేదా నల్ల జార్జెట్ తీసుకోండి. ఉత్తరాలకు నల్ల అంచు ఉండేది, వెనక వరుసకూ ఆనేలా అరంగుళం పెట్టండి. 1866లో ఆమె పార్లమెంటును ప్రారంభించిన సీను ఉంటే రాజవస్త్రం తొడగొద్దు, అప్పట్లో చేసినట్టే సింహాసనం మీద పరవండి. ప్రసంగం కూడా లార్డ్ చాన్సలర్ (అప్పట్లో ప్రభువుల సభ అధ్యక్షుడు) చేతే చదివించండి.

కోఠి_నాటిక: పనులు సాగుతుంటే జనానికి కోపమెందుకన్నా?

పాతసంచిక: ఫైలు మీద సంతకం వీధిలోవాడికి కనబడదు కదమ్మా. 1864లో బకింగ్‌హామ్ ప్యాలెస్ గేటుకు ‘ఈ ఇల్లు అద్దెకు’ అన్న ధోరణిలో బోర్డు తగిలించారు. 1861 తర్వాత ఆమె స్వయంగా పార్లమెంటును ప్రారంభించింది 7 సార్లే. 1871 చివర పెద్దకొడుక్కి టైఫాయిడ్ వచ్చి బతికాడు. 1872 ఫిబ్రవరి 27న లండన్‌లోని సెయింట్ పాల్స్ చర్చిలో కృతజ్ఞతా ప్రార్థనకు ఆమె ఊరేగింపుగా వెళ్ళాక గాలి మళ్ళింది, రాజరికం వద్దన్న గోల చప్పబడింది.

జనరల్_బజార్: మీవాళ్ళ తెల్లబట్టలకూ ఒక చోటుంది. 1901లో ఆమె పోయాక శవపేటికలో ఉంచింది తెల్లగౌనుతో, పెళ్ళినాటి మేలిముసుగుతో. అలాగే చెయ్యాలని ముందే రాసిపెట్టుకుంది.