సమస్యాపూరణం: మారువేషంలో వచ్చిన పాదం

నిర్వాహకులు:
ఈసారి సమస్యను సంకేతలిపిలోనే ఇస్తున్నాము.

"పాఝ పాఝ చుఢ్ఢు పాచ పవ్వె"

హల్లులన్నింటినీ వర్ణమాలలో ఒకే దూరం ముందుకు జరిపాము; గుణింతాలను, ద్విత్వాలను ముట్టుకోలేదు. పాదాన్ని విప్పి, రహస్యలేఖనమే వస్తువుగా ఆటవెలదిలో పూరించవలసినదిగా కోరుతున్నాము.

ఖమ్మం సభ్యులు:
పది అక్షరాలలో నాలుగు పకారాలే కనుక అది తెలుగులో తరచుగా వచ్చే హల్లుకు ముసుగై ఉండాలని అనుకున్నాను. తెలుగులో ఢకారానికి ద్విత్వం దాదాపు కనిపించదు కాబట్టి అసలు రూపం "డ్డు" గాని "ట్టు" గాని కావచ్చును. ఒక అక్షరం వెనక్కి జరిపితే "నాజ నాజ ఙుడ్డు" అని వచ్చింది. ఙకారంతో తెలుగు మాట మొదలు కాదు. మూడు జరిపితే ఢ టగా, ప దగా, చ గగా మారి పాదం తేటపడింది: "దాచ దాచ గుట్టు దాగ దయ్యె". జూలియస్ సీజరు కూడా మూడు స్థానాలే జరిపేవాడని రోమను చరిత్రకారుడు స్యుటోనియస్ వ్రాశాడు గనుక నా పూరణ ఆయన మీదనే.

సీజరేమొ మూడు స్థానాలు జరిపెను
నేటి బాలు డైన నిమిషమందు
వరుస వెనుక నడచి పట్టివేసెను గదా
దాచ దాచ గుట్టు దాగ దయ్యె!

నిర్వాహకులు:
విప్పిన తీరు పద్యం కంటె బాగున్నది. మొదటి పాదంలో సీ–స్థా లకు హల్లు కలిసినా అచ్చు కలవలేదు కాబట్టి యతిభంగం (పాదం మొదటి అక్షరానికీ నాలుగో గణం మొదటి అక్షరానికీ మైత్రి కుదరడమే యతి). "మూడు చివరికి జరిపెను" అంటే సీ–చి లకు మైత్రి కుదురుతుంది, అక్షరమాల చివరివైపు జరిపాడన్న అర్థమూ నిలుస్తుంది.

విజయనగరం సభ్యులు:
రాణి మేరి వ్రాసె రాతిగోడల నుండి
పీప బిరడ లోన పెట్టి పంపె
గుర్తులెన్నొ లెక్కగొని ఫెలిప్సు చదివె
దాచ దాచ గుట్టు దాగ దయ్యె!

నిర్వాహకులు:
నిర్దోషమైన పద్యం. 1586లో స్కాట్లండు రాణి మేరీ చెరలో ఉండి బీరు పీపాల ద్వారా నడిపిన ఉత్తరాలను ఇంగ్లండు గూఢచారులను నడిపిన మంత్రి వాల్సింగ్‌హామ్ కొలువులోని థామస్ ఫెలిప్స్ చదివిన కథ ఇది. ఆ సంకేతలిపిలో అక్షరాలకే కాక కొన్ని మాటలకూ గుర్తులు ఉండేవి, చదివేవారిని తికమకపెట్టడానికి అర్థం లేని గుర్తులు సైతం చేర్చేవారు, అయినా నిలువలేదు. ఏ గుర్తు ఎన్నిసార్లు వచ్చిందో లెక్కించే ఈ పద్ధతిని తొమ్మిదవ శతాబ్దంలోనే బాగ్దాదులో అరబ్బు పండితుడు అల్ కిందీ వివరించాడు. ఉత్తరాలను లిపిలోకి మార్చినవారు రాణి కార్యదర్శులే అయినా, "వ్రాసె" అన్నందుకు తప్పు పట్టను. 1587 ఫిబ్రవరిలో తల పోయింది రాణికే కదా.

తెనాలి సభ్యురాలు:
అక్క చెల్లె లాడి రమ్మకు తెలియని
ముందు కాను చేర్చు ముద్దు భాష
అమ్మ నవ్వి పలికె నా భాషలో తాను
దాచ దాచ గుట్టు దాగ దయ్యె!

విజయనగరం సభ్యులు:
అమ్మగారూ, పిల్లలు ప్రతి అక్షరానికి ముందు చేర్చేది "క" కదా, గణం కోసం దీర్ఘమిచ్చారు. "కత్వ ముంచు" అని సవరించవచ్చును.

నిర్వాహకులు:
సవరిస్తే వ్యాకరణం నిలుస్తుంది గాని పిల్లల పలుకు పోతుంది, అందుచేత ఉన్నదే ఉండనివ్వండి. వాత్స్యాయనుడు అరవైనాలుగు కళలలో మ్లేచ్ఛితవికల్పమని (ఇతరులకు అర్థం కాని రహస్యభాష) చేర్చింది కూడా ఈ జాతి విద్యనే.

బళ్ళారి సభ్యులు:
వర్ణ మెల్ల మార్చి వైచిన నేమాయె
గణము లెల్ల నిలిచె గాదె యచట
ఆటవెలది కాలి యందియ మ్రోగెను
దాచ దాచ గుట్టు దాగ దయ్యె!

నిర్వాహకులు:
ఈ వారానికి ఇదే మేటి పూరణ. గురులఘువులు గుణింతాన్ని, ద్విత్వాన్ని బట్టి ఏర్పడతాయి కనుక, హల్లులను ఎంత దూరం జరిపినా అయిదు సూర్యగణాలూ (గురులఘువులు గాని మూడు లఘువులు గాని ఉన్న గణాలు) చెక్కుచెదరవు. ముసుగులో ఉన్నది ఆటవెలది సరిపాదమేనని చెవికి ముందే తెలిసిపోతుంది. ఆటవెలది అంటే ఛందస్సూ, నర్తకీ కనుక శ్లేష కూడా శ్రమ లేకుండా కుదిరింది.

ఖమ్మం సభ్యులు:
అయితే యతి కూడా నిలిచినట్లేనా?

బళ్ళారి సభ్యులు:
ఇక్కడ రెండు చోట్లా దాకారమే కాబట్టి నిలిచింది. ద–త ల మైత్రి అయి ఉంటే మూడు జరిపాక ప–ధ లయ్యేవి, వాటికి మైత్రి లేదు.