అప్‌డేట్: రివర్స్ సెన్సార్ల తప్పుడు మోత ఆగింది

2016 నాటి మా కారుకు నెల్లూరులో నాలుగు రివర్స్ సెన్సార్లు పెట్టించానని, రివర్స్ గేర్ వేయగానే వెనుక ఏమీ లేకపోయినా బజర్ మోగుతూనే ఉందని గత నెల అడిగాను కదా. (2019 జూలై 1 నుంచి తయారయ్యే కార్లకు ఇవి తప్పనిసరి. ఈ తిప్పలన్నీ మా వంటి పాత బండ్ల వారికే.)

చాలామంది వైరింగ్ చూడమన్నారు. చూశాను. ఎర్ర తీగ రివర్స్ లైటుకు, నల్ల తీగ బాడీ ఎర్త్‌కు సరిగానే ఉన్నాయి. అసలు లోపం బంపర్‌లో దొరికింది. ఒక్కొక్క సెన్సార్‌ను ఊడదీసి, పట్టిన దుమ్మంతా తడిగుడ్డతో తుడిచాను. వెనుకవైపు చిన్న బాణం గుర్తు ఉంది. అది పైకి చూడాలి. రెండింటికి కిందికి చూస్తోంది! అవి పంపే అల్ట్రాసోనిక్ తరంగాలు నేలకు తగిలి తిరిగి వస్తుంటే, పరికరం దాన్నే అడ్డంకి అనుకుంటోంది. పైగా రంధ్రాలు నేలకు 48 సెంటీమీటర్ల ఎత్తులోనే వేశారు. 50కి పైన ఉంటే మంచిది.

బంపర్‌కు మళ్లీ రంధ్రాలు వేయించడానికి మనసొప్పలేదు. సెన్సార్లను తిప్పి పెట్టాను, అంతే. బాణం సంగతి చెప్పిన అన్నగారికి చేతులెత్తి నమస్కారం.

మా సందులో సాయంత్రం పిల్లలు కారు వెనుకే ఆడుకుంటారు. నా ఆత్రమంతా అందుకే. నీళ్ల డ్రమ్ము పెట్టి చూశాను, వెంటనే పట్టింది. గేటు పక్కనున్న సన్నటి ఇనుప కడ్డీని మాత్రం రెండుసార్లు పట్టలేదు. కాబట్టి వెనక్కి తీసే ముందు దిగి చూడటం మానలేదు.